మునెప్ప మేస్త్రి పొరల కేకూ, నా కడుపుమంటా

బేకరీ పనిలోకి కొత్తగా వచ్చే పిల్లలు నన్ను అడిగేది ఒకటే, పొరల కేకు కొలతలు చెప్పమని. కొలతలు ఎవరైనా చెబుతారు. మైదా ఎంత, నెయ్యి ఎంత, చక్కెర ఎంత అన్నది ఫోను తెరిస్తే దొరుకుతుంది. చేతుల మీద కాలిన మచ్చలు పడతాయని, నడుము పోతుందని కూడా అందరూ చెబుతారు. పక్క ఊరివాడి కేకు నీదానికంటే బాగుందని ఎవరైనా అంటే లోపల ఎక్కడ కాలుతుందో మాత్రం ఎవరూ చెప్పరు. అది నేను చెబుతాను, ఎందుకంటే ఆ విషయంలో నాకున్నంత అనుభవం ఈ చుట్టుపక్కల ఇంకెవరికీ లేదు.

నా పేరు రెడ్డెప్ప. మదనపల్లెలో పని నేర్చుకున్నాను. పుంగనూరులో సొంత అంగడి పెట్టి, మోకాళ్ళు మొరాయించేదాకా నడిపాను. ఇప్పుడు అల్లుడు చూసుకుంటున్నాడు. బ్రెడ్డు, బన్ను, బిస్కెట్టు, పఫ్ అన్నీ చేశాను కానీ, నా జీవితంలో ఎక్కువ కాలం విడవకుండా చేసిన పని కుప్పంలో ఉన్న గంగులప్ప మీద కుళ్ళుకోవడం.

పొయ్యి ముందు

మా మేస్త్రి మునెప్పది మదనపల్లెలో చిన్న బేకరీ. ఇటుకల పొయ్యి, చింతకట్టెలు. కట్టెల పొయ్యి రుచే వేరు అని ఇప్పుడు కొందరు మురిసిపోతుంటారు. వాళ్ళు ఎండాకాలంలో దాని ముందు నిలబడి ఉండరు. నన్నడిగితే కరెంటు ఓవెనే మేలు. కళ్ళు మండవు, ఊపిరి ఆడుతుంది, సాయంత్రానికి మనిషి మనిషిలాగా ఇంటికి పోతాడు.

అయితే ఆ పొయ్యి దగ్గర ఒకటి నేర్చుకున్నాను. వేడి పెంచడం ఎవరికైనా వస్తుంది, తగ్గే వేడిని వాడుకోవడమే పని. తెల్లవారుజామున పొయ్యి ఉగ్రంగా ఉన్నప్పుడు బ్రెడ్డు, తర్వాత బన్నులు, వేడి ఇంకాస్త దిగాక బిస్కెట్లు. మధ్యాహ్నం భోజనాలయ్యాక, పొయ్యి శాంతించాక, పొరల కేకు. లోపల నేల మీద చిటికెడు మైదా చల్లి చూసేవాళ్ళం. వెంటనే నల్లబడితే ఆగాలి. మెల్లగా గోధుమరంగుకు తిరిగితే పొరలు పెట్టాలి.

ఈ కేకు మన దేశానిది కాదు. మునెప్పకు పిల్లనిచ్చిన మామ ఒకప్పుడు హార్స్‌లీ కొండ మీద దొరల బంగళాలో వంటవాడు. అక్కడికి వచ్చిన ఏ దొరసానో నేర్పిందట. వాళ్ళ దేశంలో ఏవో ఎండుపండ్లు పెడతారు, అవి ఇక్కడ దొరకవు. అందుకని ఆయన ఖర్జూరం, ఎండుద్రాక్ష ఉడికించి, పులుపు కోసం కొంచెం చింతపండు రసం పోశాడు. యాలకులు దండిగా, లవంగం, చెక్క, జాజికాయ. అంగళ్ళ వీధి వాళ్ళు గుడ్డు ముట్టరని గుడ్డు తీసేసి గడ్డపెరుగు వేయడం మునెప్ప మొదలుపెట్టాడు. పిండిని పల్చగా వత్తి ఏడు పొరలు విడివిడిగా కాల్చి, మధ్య మధ్య పండు గుజ్జు పూసి, పైన బరువు పెట్టి, గుడ్డలో చుట్టి ట్రంకుపెట్టెలో దాచాలి.

కాల్చిన రోజున అది తినడానికి పనికిరాదు. పళ్ళు ఊడతాయి. పెట్టెలో ఉండగా గుజ్జులోని తడి పొరలకు ఎక్కుతుంది, పొరలు మెత్తబడతాయి, యాలకుల వాసన అప్పుడు పైకి వస్తుంది. సగం పని మనది, సగం పని పెట్టెది అనేవాడు మునెప్ప. తొందరపడి మూత తీసిన వాడికి చీవాట్లు తప్పేవి కావు.

పొరలు వత్తే పని నాది. నేను వత్తిన పొరను ఆయన వెలుగుకు ఎత్తి పట్టుకుని చూసేవాడు. ఒక పక్క మందంగా ఉంటే మాట్లాడకుండా పక్కన పడేసేవాడు. అన్నీ సరిగ్గా ఉంటే "పరవాలేదు" అనేవాడు. ఆయన నోట అంతకు మించిన మెప్పు లేదని నేను చాలాకాలం నమ్మాను. అలా నమ్మినంత కాలం సంతోషంగా ఉన్నాను.

గంగులప్ప

గంగులప్ప కుప్పం పక్కన పల్లె నుంచి వచ్చాడు. మాటల్లో సగం తమిళం. నాకంటే రెండు మూడేళ్ళు చిన్న. ట్రేలు కడిగే పనికి చేరాడు. ఒకరోజు మేస్త్రికి జలుబు చేసి నాలుకకు రుచి తెలియక, దగ్గరలో ఉన్నాడు కదా అని గుజ్జు వాడి నోట్లో పెట్టి ఎలా ఉందని అడిగాడు.

"పులుపు సాల్లేదన్నా. తీపి ఒకటే ముందర వస్తాండాది, ఎనకాల ఏమీ లేదు" అన్నాడు వాడు.

మేస్త్రి చింతపండు రసం ఇంకొంచెం పోయించాడు. ఆ వారం కేకు కొన్నవాళ్ళు మళ్ళీ వచ్చి అడిగారు. అప్పటి నుంచి గుజ్జు పని గంగులప్పది. వాడు గరిటె తిప్పుతుంటే మేస్త్రి పక్కన నిలబడి నవ్వేవాడు. ఆయనకు నవ్వడం వచ్చని నాకు అప్పుడే తెలిసింది. మేస్త్రి భార్య సరోజమ్మ కాఫీ తెస్తే మొదటి లోటా వాడికే. నేను ముందు చేరినవాణ్ణి, పొయ్యికి దగ్గరగా కాలేవాణ్ణి, నాకు రెండోది.

అత్త కొట్టినందుకు కాదు, తోడికోడలు నవ్వినందుకు అంటారు చూడండి, అదే నా పరిస్థితి. మేస్త్రి నా పొరలు పారేసినప్పుడు పడని బాధ, వాడి గుజ్జు చూసి నవ్వినప్పుడు పడ్డాను. వాడేమో నన్ను అన్నా అన్నా అని వెంట తిరిగేవాడు. వాడు చెడ్డవాడై ఉంటే నాకు ఎంత సుఖంగా ఉండేదో.

రేపు మీరు మేస్త్రులైతే ఒక్కటి గుర్తుపెట్టుకోండి. ఇద్దరు పనివాళ్ళుంటే ఇద్దరినీ మెచ్చుకోండి, లేదా ఇద్దరినీ తిట్టండి. ఒకడికి నవ్వు, ఒకడికి పరవాలేదు పంచితే ఆ రెండోవాడు జీవితాంతం లెక్క చూసుకుంటూ ఉంటాడు.

వయసు మీదపడి మునెప్పకు చేతకానప్పుడు ఆయన కొడుకు చంద్ర బేకరీ వద్దన్నాడు, అదే చోట సెల్‌ఫోన్ల అంగడి పెట్టుకున్నాడు. నేను పుంగనూరు పోయాను, గంగులప్ప కుప్పం పోయాడు. పోయే రోజున మేస్త్రి మా ఇద్దరికీ ఒకటే మాట చెప్పాడు, కేకును చెడగొట్టవద్దని. నేను దాన్ని వేదంలా పట్టుకున్నాను. ఆయన పొయ్యికి, పేరుకు నేనే వారసుణ్ణని, అది ఎప్పటికైనా ఆ ఇంటివాళ్ళ నోట వినాలని నా మనసులో పడింది. గంగులప్ప ఎదుట వినాలి. అది ముఖ్యం.

పెంకులు

సొంత అంగడి పెట్టిన కొత్తలో పెద్దతిప్పసముద్రం నుంచి ఒక టమోటా రైతు, తన కొడుకు పుట్టినరోజుకని పొరల కేకు చెప్పాడు. చేసి ఇచ్చాను. కొన్నాళ్ళు ఆగి కోయండి అని చెప్పాను. ఆయన తల ఊపాడు. పుట్టినరోజు ఆ సాయంత్రమే అయితే కేకును దాచుకుని ఎవరు కూర్చుంటారు? మర్నాడు సంచీలో వేసుకుని వచ్చి నా బల్ల మీద పెట్టాడు.

"ఏమప్పా రెడ్డెప్పా, కేకు ఇచ్చినావా, ఇంటికి కప్పుకునే పెంకులిచ్చినావా? సుత్తితో కొట్టినా పగల్లేదే" అన్నాడు.

బజారంతా విన్నది. కొన్నాళ్ళపాటు నా అంగడికి పెంకుల అంగడి అని పేరు. మొదట ఆయన మీద కోపం వచ్చింది. తర్వాత ఆలోచిస్తే తప్పు నాదే. మన వైపు ఎవరైనా బేకరీకి వచ్చి మొదట అడిగేది ఈరోజు చేసిందేనా అని. వేడిగా ఉంటే మంచిది అని వాళ్ళ లెక్క. ఈ కేకు ఒక్కటే దానికి తలకిందులు. కొనేవాడిని ఆగమని చెప్పడం వృథా, ఆగాల్సింది మనం. ఆ తర్వాత నేను పెట్టెలో మెత్తబడని కేకును అంగడి ముందుకు తేలేదు.

ఇది మంచి పాఠమే. కానీ గంగులప్ప కుప్పంలో మొదటి వారం నుంచే అలా అమ్ముతున్నాడని, ఎవరి చేతా మాట పడలేదని తెలిసిన రోజున నాకు అన్నం సహించలేదు.

కుప్పం కేకు

కుప్పం మూడు రాష్ట్రాలు కలిసే చోటు. బెంగళూరు రైలు ఎక్కేవాళ్ళు గంగులప్ప కేకు పొట్లాలు పట్టుకుని ఎక్కుతారని, అక్కడి నుంచి సొంత ఊరికి వచ్చేవాళ్ళకు తెమ్మని చెప్పి పంపుతారని నా చెవిన పడుతూనే ఉండేది. చెప్పేవాళ్ళు నాకు సంతోషంగా ఉంటుందనుకుని చెప్పేవాళ్ళు. ఒకే మేస్త్రి శిష్యులు కదా.

నేను కుప్పం పోలేదు. పోతే వాడు నన్ను కూర్చోబెట్టి కాఫీ ఇస్తాడు, దాన్ని తాగాలి. అందుకని అటు పోయే లారీ డ్రైవరు ఒకాయనకు చెప్పి తెప్పించాను. పొట్లం విప్పి, కత్తితో పొరలు ఒక్కొక్కటీ ఊడదీసి, కిటికీ దగ్గర వెలుగుకు పట్టి చూశాను. మందం. ఒక పక్క ఎక్కువ, ఒక పక్క తక్కువ. మునెప్ప చూసి ఉంటే ఏడింటిలో ఐదు పారేసేవాడు. ఆ పూట నేను ఈల వేసుకుంటూ పని చేశాను.

తర్వాత గుజ్జు నాలుకకు తగిలింది. నల్లగా ఉంది, మునెప్పది గోధుమరంగు. తీపి వెనక ఒక పులుపు, దాని వెనక కొంచెం వగరు. ఖర్జూరం కాదు. నేరేడు అనుకున్నాను, కాదు. నా భార్య లక్ష్మిదేవి నేను ఊడదీసిన పొరలన్నీ ఒక్కొక్కటిగా తినేసింది.

"పక్కింటి ఆడదాన్ని సూసే మొగుడు దొరికినా తిట్టొచ్చు. నువ్వు పక్కూరి కేకును కిటికీలో పెట్టి సూస్తాండావు, నిన్ను ఏమని తిట్టేది?" అంది.

పొరుగింటి పుల్లకూర రుచి అన్నాను. ఆమె ఒప్పుకోలేదు, ఇంకొక పొట్లం తెప్పించమంది.

అదేం పండో పట్టుగూళ్ళ వ్యాపారి ఒకాయన చెబితే తెలిసింది. మల్బరీ. కుప్పం చుట్టూ పట్టుపురుగుల కోసం మల్బరీ తోటలున్నాయి. రైతులకు కావలసింది ఆకు. గట్టున వదిలేసిన చెట్లకు పండు కాసి నేల రాలిపోతుంది, ఎవరూ పట్టించుకోరు. పురుగులు చస్తాయని ఆ చెట్లకు మందు కూడా కొట్టరు. గంగులప్ప ఆ పండు ఏరించి, ఎండబెట్టి, ఖర్జూరం బదులు దాన్ని ఉడికిస్తున్నాడు.

నాకు ఒళ్ళు మండింది, ఆ వెంటనే హాయిగా అనిపించింది. మేస్త్రి చెడగొట్టవద్దన్న కేకును వాడు చెడగొట్టాడు. నా దగ్గర ఆయుధం ఉంది. అప్పటి నుంచి ఎవరు కుప్పం కేకు మాట ఎత్తినా, పురుగుల మేత పెట్టి చేస్తాడంట అప్పా, అసలైన మునెప్ప కేకు కావాలంటే నా దగ్గరే అని చెప్పేవాణ్ణి. సదుంలో పెళ్ళిళ్ళకు, ఇక్కడి షావుకార్ల ఇళ్ళకు నా కేకే పోయేది. ఒక్క యాలక్కాయ కూడా ఎక్కువ తక్కువ చేయలేదు. వ్యాపారం బాగానే జరిగింది. అయినా రాత్రి పడుకుంటే ఆ వగరు నాలుక మీదికి వచ్చేది. ఈ మధ్య గంగులప్ప మనవరాలు ఫోనులో వీడియోలు పెడుతోంది, వాడు బనీనుతో నిలబడి గుజ్జు కలిపే వీడియోలు. వాటిని నేను చూడను. లక్ష్మిదేవి చూస్తుంటే పక్క నుంచి కనబడతాయి, అంతే.

పిలవని కేకు

మునెప్ప పోయి చాలాకాలమైంది. మొన్న ఆయన కొడుకు చంద్ర ఫోను చేశాడు, కూతురి పెండ్లి, మదనపల్లెలో రిసెప్షన్ అని. అమ్మాయికి తాత కేకు ఉండాలని కోరికట. నేను గొంతు సవరించుకున్నాను, ఎన్ని కిలోలు కావాలో అడగబోయాను.

"కుప్పంలో గంగులప్పన్నకు చెప్పేసినామన్నా. వీడియోలో చూసి ఆయన దగ్గరే కావాలనింది పిల్ల. నువ్వు వదినను పిల్చుకోని తప్పకుండా రావాల" అన్నాడు.

మంచిదప్పా అని పెట్టేశాను. మనల్ని పిలిచింది పెండ్లికే కదా, కేకుకు కాదు కదా అని లక్ష్మిదేవి సర్దిచెప్పబోయింది. మాట సరైనదే, మంట ఆరలేదు.

మర్నాడు అంగడికి పోయి అల్లుణ్ణి పక్కకు జరగమన్నాను. మోకాళ్ళకు కట్టు కట్టుకుని నిలబడి ఏడు పొరలు వత్తాను. ఒక్కొక్కటీ వెలుగుకు ఎత్తి చూసుకుని, నచ్చనివి పారేసి మళ్ళీ వత్తాను. ఖర్జూరం, ఎండుద్రాక్ష, చింతపండు, మేస్త్రి వేసినట్టే. నా జీవితంలో అంత బాగా వచ్చిన కేకు ఇంకొకటి లేదు. ఎవరూ అడగనిది అదొక్కటే. పెట్టెలో మెత్తబడనిచ్చి, పెండ్లి రోజున ఒళ్ళో పెట్టుకుని బస్సెక్కాను. లక్ష్మిదేవి దారంతా కిటికీ వైపు తిరిగి కూర్చుంది.

మంటపంలో కోయడానికి క్రీము కేకు ఒకటి ఉంది, దాని పక్క బల్ల మీద గంగులప్ప పొరల కేకు. నాది దాని పక్కనే పెట్టాను. చంద్ర మొదట తడబడ్డాడు, తర్వాత రెండు చేతులూ పట్టుకుని సంతోషించాడు. గంగులప్ప జనాన్ని తోసుకుంటూ వచ్చాడు. తల మొత్తం నెరిసింది. నన్ను కౌగిలించుకుని, నా కేకు అంచు మీదికి వంగి చూశాడు.

"అబ్బా, ఏం పొరలన్నా ఇవి. నావి సూడొద్దు, సిగ్గైతాది. నీ మాదిరి పల్చగా నాకు ఒకనాడూ రాలే" అన్నాడు.

ఇన్నేళ్ళు వాడి నోట వినాలనుకున్న మాట. అంత సులువుగా, ఏ బాధా లేకుండా అనేశాడు. దాంతో దాని విలువ పోయింది. పుంగనూరు వచ్చి ఎప్పుడైనా నా కేకు తిన్నావా అని అడిగాను. రావాలనే అనుకుంటాననీ, పనితో వీలుకాలేదనీ చెప్పాడు. నేను కిటికీ దగ్గర వాడి పొరలు ఊడదీసిన అన్నేళ్ళలో వాడు నాది ఒక్క ముక్క తెప్పించుకోలేదు. మరి నాది తిన్నావా అన్నా అని వాడు అడిగితే లేదన్నాను.

సరోజమ్మ ముందు వరుసలో కుర్చీలో ఉంది. చూపు బాగా తగ్గింది, ఎవరెవరో గొంతు బట్టి గుర్తుపడుతోంది. మునెప్ప కేకు రుచి సరిగ్గా తెలిసినవాళ్ళు లోకంలో మేమిద్దరం, ఆవిడ, అంతే మిగిలాం. నేను ప్లేటులో రెండు ముక్కలు పెట్టుకుని పోయాను. ఏది ఎవరిదో చెప్పలేదు. గంగులప్ప నా వెనకే వచ్చాడు. రావాలనే నేను మెల్లగా నడిచాను.

ఆవిడ మొదట నాది తిన్నది. నమిలి, ఆగి, మళ్ళీ నమిలింది.

"ఇది ఆయనదే. అచ్చం ఆయన సేసినట్లే ఉండాది. ఎవురప్పా సేసింది?"

"నేనేనమ్మా. రెడ్డెప్పను."

ఆవిడ నా చెయ్యి వెతికి పట్టుకుంది.

"ఒక్కటి కూడా మార్సలేదే నువ్వు" అంది.

లేదమ్మా, ఒక్కటి కూడా మార్చలేదు అన్నాను. గంగులప్ప విన్నాడా లేదా అని తిరిగి చూశాను. విన్నాడు. వాడి కళ్ళలో నీళ్ళు కూడా ఉన్నాయి. నా బతుకులో అంత సంతోషం నా పెండ్లిలో లేదు, బిడ్డ పుట్టినప్పుడు లేదు. ఉన్నదున్నట్టు చెబుతున్నాను.

తర్వాత ఆవిడ రెండో ముక్క తిన్నది. అంచుల దగ్గర రాలిన పొడి కూడా వేలితో తీసుకుని తిన్నది. ఖాళీ ప్లేటు నా వైపు చాపింది.

"ఆ రెండోది ఇంగొక తునక పెట్టు నాయనా."

మేస్త్రిది ఇంకా చాలా ఉందమ్మా, అది పెడతాను అన్నాను.

"అది తిన్నా కదప్పా. ఆయన ఉన్నన్నాళ్ళూ అదే తిన్నా" అంది సరోజమ్మ.

గంగులప్ప కదలబోయాడు. నేను వాణ్ణి ఆపి, బల్ల దగ్గరికి పోయి, వాడి కేకు మీద కత్తి పెట్టి నా చేత్తోనే కోశాను. పెద్ద ముక్కే వచ్చింది. తెచ్చి ఆవిడ ప్లేటులో పెట్టి, ఇంత వద్దు, తగ్గించు అంటుందేమోనని అక్కడే నిలబడ్డాను. అనలేదు.